క్రిమిఘ్నము, క్రిమిహరము, నట్టలమందు : ఒక పశువైద్యపదము యొక్క అర్థచరిత్ర

ఇందూరను ప్రాచీననామముగల నిజామాబాదు సీమలో గొఱ్ఱెలకాపరి వానకాలమున తన మందకు త్రాగించు ఔషధమును "నట్టలమందు" అనును. దానినే పశువైద్యాధికారి కాగితముపై "ఆంథెల్మింటిక్" అని వ్రాయును. ఆయుర్వేదపండితుడు "క్రిమిఘ్న"మనును, యునానీ హకీము "కాతిలె దీదాన్" అనును, అంగడివాడు సీసామీది పేరు చదివి "ఫెన్‌బెండజోల్" అనియో "ఐవర్‌మెక్టిన్" అనియో చెప్పి యిచ్చును. ఒక వస్తువునకు బహునామములుండుట దోషము గాదు. అమరసింహుని కాలమునుండి యదియే నిఘంటువులకు జీవనము. అయితే నామములు పెక్కులైనపుడు అవి యన్నియు నొక్క యర్థమునే చెప్పుచున్నవా, లేక యొకదాని సరిహద్దులో మఱియొకటి చొరబడుచున్నదా యని విచారింపవలసి యుండును. అలంకారశాస్త్రమందు పదభ్రాంతి వలన రసభంగము మాత్రమే కలుగును. ఔషధవిషయమున పదభ్రాంతి వలన ప్రాణభంగము కలుగును. అందుచేత నీ పదముల పుట్టుకయు, అర్థవ్యాప్తియు, బోధను చక్కెరసీమలోని వాడుకయు నిచట పరిశీలింపబడుచున్నవి.

క్రిమిశబ్దము

"క్రిమి", "కృమి" యను రెండు రూపములును సాధువులే. యాస్కుడు నిరుక్తమున దీనికి రెండు త్రోవల నిర్వచనము చెప్పెను. పచ్చిమాంసమునందు క్రొవ్వునది యనుట యొకటి. ప్రాకుట యను నర్థముగల క్రమధాతువునుండి పుట్టినదనుట వేఱొకటి. ఉణాదిసూత్రములు రెండవ త్రోవనే పట్టి, క్రమధాతువుపై ఇన్ ప్రత్యయము వచ్చి, ధాతువులోని అకారము ఇకారమై "క్రిమి" యగుననియు, సంప్రసారణము ననువర్తింపజేసినచో "కృమి" యగుననియు సాధించినవి. ఆంధ్రభాషలో క్రిమిరూపమే యెక్కువ వ్యాప్తి గాంచినది.

భాషాతత్త్వవేత్తలు దీనికి సగోత్రములను దూరదేశములలో జూపిరి. పారసీకమున "కిర్మ్", లిథువేనియా భాషలో "కిర్మిస్" దీని సోదరశబ్దములు. లాటిను "వెర్మిస్", ఆంగ్లము "వర్మ్" అను శబ్దములు మొదటి హల్లున భేదించుచు తక్కిన యంశములం దిమ్మడి నుండుటచే వీనితో జంటగా నుదాహరింపబడును. ఈ జంట మాటలు రెండును నేడు బోధను అంగడిలో మరల కలిసికొనుట వింత. క్రిమిఘ్నములో నొకటి, ఐవర్‌మెక్టిన్ పేరు నడుమనున్న "వెర్మ్"లో మఱొకటి నిలిచియున్నవి.

క్రిమిశబ్దమున కాయుర్వేదమున గల యర్థము వాన పామువంటి రూపముగల పురుగునకే పరిమితము గాదు. చరకుడు విమానస్థానము సప్తమాధ్యాయమున నిరువది విధముల క్రిములను లెక్కించెను. బాహ్యమలమున బుట్టునవి రెండు, రక్తమున బుట్టునవి యాఱు, శ్లేష్మమున బుట్టునవి యేడు, పురీషమున బుట్టునవి యైదు. బాహ్యములలో పేలు చేరియున్నవి. కాబట్టి ప్రాచీనుల క్రిమిశబ్దము దేహము లోపలి పురుగునకును, దేహముపై బ్రాకు పేనునకును సమానముగా జెల్లినది. ఈ సంగతి మీద మరల జెప్పవలసి యున్నది.

ఘ్న, హర శబ్దముల భేదము

హన్ ధాతువునకు కర్మ ఉపపదమైనపుడు, కర్త మనుష్యుడు గానిచో, పాణిని తృతీయాధ్యాయము ద్వితీయపాదము 53వ సూత్రముచే టక్ ప్రత్యయమును విధించెను. ఉపధాలోపమును, హకారమునకు ఘకారమును వచ్చి "ఘ్న" యను రూపము సిద్ధించును. కాశికాకారు లీ సూత్రమున కిచ్చిన యుదాహరణములలో శ్లేష్మమును బోగొట్టు తేనె, పిత్తమును బోగొట్టు నెయ్యి యుండుట గమనింపదగినది. అనగా ఔషధద్రవ్యమే యీ సూత్రమునకు సహజమైన చోటు. మనుష్యుడు కర్త యైనచో అణ్ ప్రత్యయము వచ్చి "ఘాత" యను రూపమగును. ఎలుకలను జంపువాడు ఆఖుఘాతుడే గాని ఆఖుఘ్నుడు గాడు. ఇట్లు వ్యాకరణము ప్రకారము క్రిమిఘ్నము ద్రవ్యము, క్రిమిఘాతుడు మనుష్యుడు.

ఇచట పాఠశాలలోని విద్యార్థి సైతము "కృతఘ్నుడు, శత్రుఘ్నుడు మనుష్యులు గదా" యని యాక్షేపింపవచ్చును. దానికి భట్టోజిదీక్షితుడు సమాధానము చెప్పియే యున్నాడు. ఆ శబ్దములు మూలవిభుజాదులలో జేర్చి క ప్రత్యయముచే సాధింపదగినవి. ఈ సూత్రమునకు బాధకములు గావు.

"క్రిమిహర"మందలి హర శబ్దము మఱియొక దారిని వచ్చినది. పైకెత్తుట యను నర్థము లేనపుడు హృధాతువునకు కర్మోపపదమున అచ్ ప్రత్యయమును పాణిని యదే పాదము 9వ సూత్రమున విధించెను. హరించుట యనగా తీసికొనిపోవుట, తొలగించుట. హననమున ప్రాణవియోగము ప్రధానము. హరణమున స్థానవియోగము ప్రధానము. వాడుకలో వైద్యగ్రంథము లీ రెండింటిని పర్యాయములుగా బ్రయోగించినను, ధాత్వర్థభేదము నిజమైనదే. ఇది కేవలము వైయాకరణుల సూక్ష్మేక్షిక కాదు; ద్రవ్యములు పనిచేయు తీరునందే యీ భేదము కలదు.

పైపరజీన్ అను ద్రవ్యము ఏలికపాముల కండరములను సడలజేసి యవి ప్రేగును బట్టియుండు శక్తిని పోగొట్టును; పిమ్మట ప్రేగుకదలికయే వానిని బయటికి ద్రోయును. పోకచెక్కయందలి అరెకోలిన్ బద్దెపురుగును స్తంభింపజేయుటయే గాక ప్రేగును గూడ వేగముగా గదలించును. కుక్కలలోని బద్దెపురుగుల కీ ద్రవ్యము పూర్వము విరివిగా వాడబడినది. ఇవి హరములు. ఫెన్‌బెండజోల్, ఆల్బెండజోల్ మున్నగునవి పురుగు కణములలోని ట్యూబులిన్ అను మాంసకృత్తును బట్టుకొని, ఆహారమును గ్రహించుశక్తిని జెఱచి, పురుగును క్రమముగా జంపును. ఇవి ఘ్నములు. ఒక్క చిన్న బఱ్ఱెదూడ కడుపులో ఏలికపాములు మెండుగా నున్నపుడు అవి యన్నియు నొక్కమాఱుగా విడివడినచో ప్రేగు మూసికొనిపోవు ప్రమాదము గలదు. కాబట్టి పురుగు చచ్చుట, చచ్చినది వెలికి బోవుట యను రెండు కార్యములను వేఱువేఱుగా దలపోయుట వైద్యునకు నావశ్యకము.

వేదమునుండి నిఘంటువు వఱకు

పశువు కడుపులోని పురుగును గూర్చిన ప్రస్తావన యథర్వవేదమున గలదు. ద్వితీయకాండము 32వ సూక్తమున ఉదయించుచు, అస్తమించుచు నున్న సూర్యుడు గోవు లోపలనున్న క్రిములను తన కిరణములతో జంపుగాక యను ప్రార్థన యున్నది. అచట వాడబడిన ధాతువు హన్ ధాతువే. ఘ్నశబ్దము శాస్త్రపరిభాషగా రూపొందుటకు పూర్వమే క్రిమిశబ్దమునకును హన్ ధాతువునకును సంబంధ మేర్పడినదని దీనివలన దెలియును. దీనినిబట్టి నేటి శాస్త్రమంతయు ఋషులకు దెలియునని వాదించుట యుక్తము గాదు; కాని పశువును మనుష్యునితో సమముగా రోగిగా జూచిన సంస్కారము మాత్ర మందు స్పష్టము.

చరకుడు సూత్రస్థానమున చెప్పిన యేబది మహాకషాయములలో క్రిమిఘ్నగణ మొకటి. అందు మిరియములు, విడంగములు, వావిలి మున్నగు పది ద్రవ్యములు గలవు. అమరకోశమున కృమిఘ్నశబ్దము విడంగమునకు పర్యాయముగా బఠింపబడినది. గణనామమై యున్న శబ్దము ఆ గణములోని ముఖ్యద్రవ్యమునకు రూఢినామమగుట యిచట గానవచ్చును. మన యంగళ్లలో దొరకు వాయువిడంగములివియే. వీనిలో ఎంబెలిన్ అను పదార్థము గలదని యాధునికులు నిరూపించిరి. నిజామాబాదు అడవులలో వేసవి రాకముందే యెఱ్ఱగా బూచు మోదుగుచెట్టు గింజలలోను పలసోనిన్ అను క్రిమిహరద్రవ్యము గలదు.

చరకుడు క్రిమిచికిత్సను మూడు తెఱగుల జెప్పెను: అపకర్షణము, ప్రకృతివిఘాతము, నిదానపరివర్జనము. పురుగును లాగివేయుట, అది బలియుటకు దగిన స్థితిని జెఱచుట, అది పుట్టుటకు గారణమైన దానిని విడుచుట యని తాత్పర్యము. అపకర్షణము హరశబ్దమునకు దగ్గఱ. మూడవదైన నిదానపరివర్జనము బోధను సీమచరిత్రలో నెంత ముఖ్యమో ముందు తెలియగలదు.

గజములకు పాలకాప్యుడు, అశ్వములకు శాలిహోత్రుడు, గోవులకు అగ్నిపురాణమందలి గవాయుర్వేదము ప్రమాణములై, పశువైద్యము సంస్కృతమున స్వతంత్రశాస్త్రముగా వర్ధిల్లినది. శాలిహోత్రుని పేరు ఉర్దూలో "సలోత్రి"గా మాఱి పశువైద్యునకు సామాన్యనామమైనది. ఒక ఋషి పేరు వృత్తిపేరగుట, అదియు మతభాషాభేదముల దాటి నిలుచుట, శబ్దచరిత్రలో నపురూపమైన సంగతి.

నిజాము రాష్ట్రమున పారసీకారబ్బీ పదములు

నిజాము రాష్ట్రమున 1948 వఱకు ఉర్దూ రాజభాషగా నుండెను. 1917లో హైదరాబాదున స్థాపింపబడిన దారుల్ తర్జుమా పాశ్చాత్యశాస్త్రగ్రంథములను ఉర్దూలోనికి దెచ్చుచు పారిభాషికపదములను విరివిగా గల్పించెను; 1918లో నారంభమైన ఉస్మానియా విశ్వవిద్యాలయమున బోధన యా పదములతోనే సాగెను. వైద్యమున మాత్రము క్రొత్త కల్పన యంతగా నవసరము లేకపోయెను. యునానీ శాస్త్రము నప్పటికే పరిపూర్ణమైన పరిభాష గలదై యుండెను.

ఆ పరిభాషలో పురుగులకు "దీదాన్" అని పేరు. అది అరబ్బీ "దూద్" శబ్దమునకు బహువచనము. పురుగులను జంపు ద్రవ్యము "కాతిలె దీదాన్". పురుగులను వెలువరించు ద్రవ్యము "ముఖ్రిజె దీదాన్". సంస్కృతమున ధాత్వర్థమునందు గర్భితమై, వాడుకలో మఱుగుపడిన ఘ్నహరభేదము యునానీలో రెండు స్పష్టమైన గణములుగా నిలిచినది. పారసీకమున "కిర్మ్‌కుష్" అను సమాసము గలదు. అది క్రిమిఘ్నశబ్దమునకు ప్రత్యక్షరము సరిపోవును. కిర్మ్ క్రిమికి సోదరము, కుష్ చంపునది. ఒకే జిల్లాలో ఒకరిచేయి పట్టి చూచిన వైద్యుడు క్రిమిఘ్నమనియు, మఱియొకరి చేయి పట్టి చూచిన హకీము కిర్మ్‌కుష్ అనియు బలికినచో, ఇద్దఱును ఒక ప్రాచీనశబ్దపు రెండు కొమ్మలనే పట్టుకొనియున్నారన్నమాట.

చెఱకుసీమయు, కాలువనీరును

ఇక నీ పదములు వాడుకలో నేమైనవో తెలియుటకు సీమచరిత్ర కొంత తెలియవలెను. మంజీరానదిపై నిజాముసాగరనిర్మాణము 1923లో నారంభమై 1931లో ముగిసెను. నవాబు అలీ నవాజ్ జంగు దీనికి నిర్మాత యైన యింజనీరు. మెట్టపైరులును, చెఱువుక్రింది మాగాణమును గల బాన్సువాడ, బోధను ప్రాంతములకు కాలువనీరు వచ్చెను. వరియు చెఱకును విస్తరించెను. 1937లో బోధను చెంత శక్కర్‌నగరమున నిజాము చక్కెర కర్మాగారము స్థాపితమయ్యెను. రుద్రూరున చెఱకు, వరి పరిశోధనక్షేత్ర మేర్పడెను. చెఱకుబండ్లను లాగు ఎద్దులకును, పాడిబఱ్ఱెలకును చెఱకు ఆకు, గట్లమీది పచ్చిగడ్డి సమృద్ధిగా దొరకెను.

నీరు మేతను దెచ్చినట్లే రోగమునకు ననువైన తావును గూడ గల్పించును. కార్జపుజలగ యను పురుగు పశువు కాలేయమందలి పిత్తనాళములలో నివసించి గ్రుడ్లు పెట్టును. ఆ గ్రుడ్లు పేడతో నీటిలో బడి పొదగబడి, వెలువడిన సూక్ష్మశిశువు నీటినత్త దేహమున జొచ్చి యచట ననేకముగా వృద్ధిబొంది, తిరిగి నీటిలోనికి వచ్చి, గడ్డిపోచలకంటుకొని కోశము కట్టుకొనును. ఆ గడ్డిని మేసిన పశువు కడుపులో నది విడివడి, ప్రేగుగోడను దొలుచుకొని కాలేయమును జేరును. మన దేశమున నీ జలగ ఫాసియోలా జైగాంటికా యను జాతికి జెందినది. నిలువనీరు, నత్త, గడ్డి, పశువు అను నాలుగును గలిసినచోట దీనికి గొఱత లేదు; కాలువసేద్యము నాలుగింటిని నొకచోట జేర్చును. మెట్టనేలలో మేయు గొఱ్ఱెకు ముఖ్యశత్రువు వేఱు; అది నాలుగవ జఠరమున జేరి నెత్తురు ద్రాగు సన్నని పురుగు. దానివలన కనుఱెప్పల లోపలి యెఱుపు తగ్గి తెల్లబడును. దవడక్రింద నీరు దిగును.

నిదానపరివర్జన మను చరకుని మాటకు నిచట ప్రత్యక్షప్రయోజనము గలదు. నత్తలున్న పల్లపుగట్లపై పశువులను మేపకుండుట, మేత కోసినచో నెండబెట్టి వేయుట, త్రాగునీటికి తొట్టెల నేర్పఱచుట యనునవి మందునకు ముందు జేయవలసిన పనులు. మందు త్రాగించి, ఆ సాయంకాలమే యదే పల్లమునకు తోలినచో ప్రయోజనము స్వల్పము.

చక్కెర కర్మాగారము 2015 డిసెంబరున మూతపడినది. చెఱకుబండ్ల వరుసలు జ్ఞాపకమాత్రమైనవి. కాలువయు, వరిమడియు, నత్తయు, బఱ్ఱెయు మాత్రము నిలిచియున్నవి. 2016లో జిల్లాల పునర్విభజనముచే నిజాముసాగర జలాశయము కామారెడ్డి జిల్లాలోనికి బోయినను, దాని నీరు నిజామాబాదు జిల్లాపొలములలోనికి బాఱుచునే యున్నది.

నట్టలమందు : దేశ్యపదముయొక్క శక్తి

తెలంగాణమున గొఱ్ఱె, మేక, పశువుల కడుపులోని పురుగులకు సామాన్యనామము "నట్టలు". ఏలికపాములు, నులిపురుగులు, బద్దెపురుగులు, జలగలు అను విశేషనామములు వేఱుగా గలవు. ప్రభుత్వ పశుసంవర్ధకశాఖ గొఱ్ఱెలకు మేకలకు సామూహికముగా మందు త్రాగించు కార్యక్రమమునకు "నట్టల నివారణ" యనియే పేరుపెట్టి, కాపరి నోటి మాటను కార్యాలయపు కాగితము మీది కెక్కించినది. 2017లో రాష్ట్రప్రభుత్వము గొల్లకురుమలకు ఇరువది గొఱ్ఱెలు, ఒక పొట్టేలు చొప్పున రాయితీపై పంచు పథకము నారంభించిన పిమ్మట మందలతోపాటు నీ మాటకును వ్యాప్తి హెచ్చినది.

నత్తకును నట్టకును ధ్వనిసామ్యము గలదు; జలగకు నత్త యాశ్రయమగుట చూచి కొందఱు రెండు మాటలను ముడిపెట్ట జూతురు. ధ్వనిసామ్యమొక్కటియే బంధుత్వమునకు ప్రమాణము గాదని వ్యుత్పత్తిశాస్త్రము ఘోషించుచున్నది. జీవనక్రమమున గల సంబంధము శబ్దమున నుండనక్కఱలేదు.

"నట్టలమందు" అను సమాసమును విప్పి చూచినచో తెలుగు సమాసముల స్వభావ మొకటి బయటపడును. బహువచనమందలి లువర్ణకము లకారముగా మాఱి మందుశబ్దముతో గలిసినది. సంబంధ మున్నదని మాత్రమే సమాసము చెప్పును, ఏ సంబంధమో చెప్పదు. దగ్గుమందు దగ్గును బోగొట్టును. నిద్రమందు నిద్రను దెచ్చును. ఎలుకలమందును ఎలుకయే తినును, ఎలుకయే చచ్చును. నట్టలమందును గొఱ్ఱె త్రాగును, చచ్చునది నట్ట. సంస్కృతమున ఘ్న, హర, కర, వర్ధన మున్నగు కృదంతము లీ భేదమును నోరార జెప్పును. తెలుగున లోకవ్యవహారమే దానిని నిర్ణయించును. లోకవ్యవహారము తెలిసినవానికి భ్రాంతి లేదు. తెలియనివానికి భ్రాంతి తప్పదు.

ఆ భ్రాంతి ప్రాణాంతకమగు చోటు "పురుగులమందు" అను మాట. ఆంథెల్మింటిక్ పదమును తెలుగు చేయుచు కొందఱు "పురుగుల మందు" అని వ్రాయుదురు. పదార్థము చూచిన నది తప్పు గాదు. నట్ట పురుగే, దానిని బోగొట్టునది మందే. కాని రైతు ఇంట పురుగులమందనగా పైరుమీద జల్లు విషమే. చెఱకునకు పీకపురుగు, వేరుపురుగు, పొలుసుపురుగు పట్టినపుడు తెచ్చు సీసాలు, గుళికలు ఆ పేరనే చూరుక్రింద నుండును. "మందు త్రాగెను" అను వాక్యమునకు పల్లెలలో విషము త్రాగెనను నర్థము గలదని యెఱుగనివారు లేరు. ఇట్టి యింట పశువున కియ్యవలసిన ఔషధమునకును పురుగులమందనియే పేరు పెట్టుట సీసాలు తాఱుమాఱగుటకు త్రోవజూపుట. పిల్లవానిని లోపలికి బంపి "పురుగులమందు తెమ్ము" అన్నచో వాడు దేనిని దెచ్చును? కాపరులు "నట్ట" యను ప్రత్యేకపదమును విడువక వాడుటలో నీ మెలకువ యంతయు నిమిడియున్నది.

"క్రిమిసంహారకము" అను సంస్కృతపదమున కును నిదే గతి పట్టినది. ఆధునికాంధ్రమున నది సేద్యపు విషములకు రూఢియైనది. "సూక్ష్మక్రిమి" యనగా కంటికి గానరాని రోగబీజమని పాఠశాలలలో నేర్పబడుచున్నది. ఇట్లు క్రిమిశబ్దము ప్రాచీనమైన వ్యాప్తిని మించి, ఒకవంక సూక్ష్మజీవుల వఱకును, మఱియొకవంక పైరుపురుగుల వఱకును సాగినది. అర్థము విస్తరించిన కొలది నిశ్చయము సన్నగిల్లుట శబ్దధర్మము.

పాశ్చాత్యనామములు

ఆంథెల్మింటిక్ శబ్దము గ్రీకుమూలము. విరోధార్థకమైన పూర్వపదమును, పురుగనర్థముగల "హెల్మిన్స్" శబ్దమును గలిసి యేర్పడినది. దీని పరిధి లోపలి పురుగులే. పేలు, గోమార్లు దీనిలో జేరవు. వానినిగూడ గలుపుకొను విశాలపదము "ఆంటీపారసిటిక్". "పారసైట్" అనునది గ్రీకున ఇతరుని భోజనపంక్తి ప్రక్కన జేరువాడను నర్థము గలది. తెలుగున దానికి "పరాన్నజీవి" యను చక్కని పదము కుదిరినది. గ్రీకు "పారా" ప్రక్కనను నర్థమునను, మన "పర" ఇతరుడను నర్థమునను ఉన్నను, ధ్వనియు భావమును గూడ గలిసివచ్చిన పదము లరుదు.

ఈ కొలతతో జూచిన చరకుని క్రిమిఘ్నశబ్దము ఆంథెల్మింటిక్ కంటె నాంటీపారసిటిక్ పదమునకే దగ్గఱ. పేను గూడ క్రిమియే గనుక. తెలుగు నట్టలమందు సరిగా ఆంథెల్మింటిక్ శబ్దమునకు సమానము. పేను నట్ట గాదు గనుక. సంస్కృతపదమెల్ల శాస్త్రీయము, దేశ్యపదమెల్ల గ్రామ్యమను సామాన్యాభిప్రాయ మిచట నిలువదు.

ఔషధముల పేరులలో నంతర్జాతీయముగా నేర్పఱచిన యంత్యభాగములు గలవు. వ్యాకరణమున ప్రత్యయములవలె నవి గణమును దెలుపును. "బెండజోల్" అని ముగియునవి యొక గణము; వీనిలో మొదటిది థయాబెండజోల్ 1961లో వాడుకకు వచ్చినది. "ఆంటెల్" అని ముగియునవి మఱియొక గణము. "ఎక్టిన్" అని ముగియునవి వేఱొక గణము. దీనికి ముఖ్యమైనది ఐవర్‌మెక్టిన్. జపానుదేశపు మట్టిలో దొరకిన స్ట్రెప్టోమైసిస్ జాతి సూక్ష్మజీవినుండి సతోషి ఓముర, విలియం కాంప్‌బెల్ అనువారల కృషిచే నీ గణము వెలువడి, 1981లో పశువులకు వాడుకలోనికి వచ్చెను; 1987నుండి నదీతీరవాసుల కంటి చూపును హరించు రోగమునకు ఉచితముగా నొసగబడెను; 2015లో వారికి నోబెలు బహుమానము లభించెను. ఈ గణపు మూలద్రవ్యమైన "అవర్‌మెక్టిన్" పేరులో "వెర్మ్" లోపలి పురుగును, "ఎక్ట్" బయటి పేను గోమారులను సూచించును. లోపల బయట రెండుచోట్ల పనిచేయు నీ ద్రవ్యము చరకుని విశాలార్థమున క్రిమిఘ్నశబ్దమునకు దగినది.

అయితే నది సర్వక్రిమిఘ్నము గాదు. ఐవర్‌మెక్టిన్ గుండ్రని పురుగులపై బనిచేయును. జలగలపైనను, బద్దెపురుగులపైనను బనిచేయదు. ఫెన్‌బెండజోల్ గుండ్రని పురుగులకును గొన్ని బద్దెపురుగులకును జెల్లును, కార్జపుజలగకు జెల్లదు. దానికి ట్రైక్లాబెండజోల్, ఆక్సిక్లోజనైడ్ మున్నగునవి వలయును. కావున "నట్టలమందు వేసితిమి, గుణము కనబడలేదు" అను రైతు మాటలో మందు తప్పు లేకపోవచ్చును, నట్ట వేఱు కావచ్చును. సామాన్యనామము కొనుటకు జాలును. చికిత్సకు విశేషనామము గావలెను. ఒకే మందును కొలత తక్కువగా మాటిమాటికి వాడినచో పురుగులకు దానిని దట్టుకొను శక్తి వచ్చును. 1961లో వెలువడిన థయాబెండజోలునకు లొంగని గొఱ్ఱెపురుగులు 1964 నాటికే కనుగొనబడినవి.

2020, 2021 సంవత్సరములలో కోవిడు వ్యాధి వ్యాపించినపుడు అమెరికాలో కొందఱు పశువులకై చేసిన ఐవర్‌మెక్టిన్‌ను దాము సేవించి యపాయమున బడగా, నచటి యౌషధనియంత్రణశాఖ 2021లో హెచ్చరిక చేయవలసివచ్చెను. ద్రవ్యనామ మొక్కటియైనను పశువు కొలత, మనుష్యుని కొలత, వానిలో గలుపు ద్రావకము వేఱు. పేరు చూచి వస్తువును నిశ్చయించుట యెంత ప్రమాదకరమో చదువుకొన్న దేశమున గూడ వెల్లడియైనది.

నిర్ణయము

పూర్వపక్ష మిట్లుండవచ్చును: శాస్త్రగ్రంథమునకు సంస్కృతసమపదమే గౌరవము, నట్ట యను మాట యొక ప్రాంతమున మాత్రమే తెలియును, కావున నంతటను క్రిమిసంహారకము, పరాన్నజీవినాశకము అను పదములనే నిలుపవలెను. దీనికి సమాధానము: గౌరవము పదముయొక్క పుట్టుకవలన గాక నిశ్చితార్థబోధకత్వమువలన వచ్చును. క్రిమిసంహారకము నేడు విషమునకు రూఢము. దానిని ఔషధమునకు వాడుట లోకవిరుద్ధము. పరాన్నజీవినాశకము శాస్త్రమున సాధువే. కాని లోపలి బయటి పురుగులు రెండింటిని జెప్పునదగుటచే ఆంథెల్మింటిక్ శబ్దమునకు సరిపోదు.

కావున విభాగ మిట్లు చేసికొనుట యుక్తము. లోపలి పురుగుల యౌషధమునకు తెలుగున "నట్టలమందు" సామాన్యనామము. గ్రంథమున సంస్కృతపదము కావలసినచోట చంపునది "క్రిమిఘ్నము", వెలువరించునది "క్రిమిహరము" అని ధాత్వర్థమును బాటించి వాడవలెను. లోపలి బయటి పురుగులను గలిపి చెప్పవలసినచోట "పరాన్నజీవినాశకము". గోమార్లకు, పేలకు వేయునది "గోమార్లమందు", "పేలమందు" అని విడిగా నుండవలెను. జలగకు వేయు మందును "జలగమందు" అని వేఱుచేసినచో నింకను మేలు. "పురుగులమందు" అను పేరు పైరువిషమునకే వదలివేయవలెను. పశువు నోట బోయు దేనికిని ఆ పేరు చెల్లరాదు.

ఈ విభాగమున క్రొత్త కల్పన యొక్కటియు లేదు. క్రిమిఘ్న, క్రిమిహర శబ్దములు వైద్యగ్రంథములలో నున్నవే. వాని భేదము యునానీ హకీములు రెండు గణములుగా బాటించినదే. నట్టలమందు బోధను, నిజామాబాదు కాపరులు నిత్యమును బలుకునదే. పాఠశాలలో ప్రకృతిశాస్త్రము బోధించు పండితులు కార్జపుజలగ జీవనక్రమమును చెప్పునపుడు ఆ పాఠమునకు చివర నట్టలమందునకును పురుగులమందునకును గల భేదమును నొక్కి చెప్పినచో, బాలుడు దానిని సాయంకాలమున కింటికి గొనిపోవును. ఆ యింట రెండు సీసాలును ఒకే గూటిలో నుండిన నుండవచ్చును.